ఆరో ప్రశ్నకు జవాబు

బీమా కంపెనీలో అతను ఎక్కిన మొదటి మెట్టు బావ గుండె. ఆ సంగతి అతనికి తెలుసు, అక్కకి తెలుసు, బావకి తెలుసు. నాలుగో మనిషి చెవిన పడకుండా ఇరవై ఎనిమిదేళ్ళు నెట్టుకొచ్చాడు.

ఆ రోజుల్లో ట్రైనీగా చేరినవాడు ఆర్నెల్లలో పన్నెండు పాలసీలు చేయించాలి. చేయిస్తే ఉద్యోగం, లేకపోతే ఇంటిదారి. గడువు ఇంకా నాలుగు రోజులుందనగా అతనివి పదకొండే అయ్యాయి. తెలిసినవాళ్ళు అయిపోయారు. తెలియనివాళ్ళు అతని సంచీ వీధి మలుపులో కనపడగానే తలుపులేసుకుంటున్నారు. బీమావాడు గుమ్మమెక్కితే పొద్దున్నే చావు మాట వినాలి. ఎవరికి సరదా?

ఇక మిగిలింది బావ. బావని అడగకూడదనుకున్నాడు, ఎందుకంటే అప్పటికే ఆయన్ని అడగనిది లేదు. తండ్రి పోయాక అతన్ని చదివించింది బావే. పరీక్ష ఫీజు కట్టడానికి, షెడ్డులో ఇనుము చెక్కే లేతు మిషను దగ్గర్నుంచి బావ అలాగే వచ్చేస్తే, కాలేజీ గుమాస్తా ఆ నూనె నోట్లని చివర్లు పట్టుకుని, చచ్చిన ఎలకని తీసినట్టు తీశాడు. బావ నవ్వాడు. అతను మాత్రం సిగ్గుతో పక్కకి జరిగి నిలబడ్డాడు. ఆ జరగడం కూడా బావ చూశాడు.

అతను షెడ్డుకి వెళ్ళేసరికి మధ్యాహ్నమైంది. అక్క క్యారియరు తెచ్చి బల్ల మీద సర్దుతోంది. బావ జుట్టు నిండా ఇనప రజను. ముగ్గురూ ఒకే బెంచీ మీద కూర్చున్నారు. అతను ఫారం తీసి తొడ మీద పెట్టుకున్నాడు. పేరు, వయసు, పని అయ్యాక పదకొండు ఆరోగ్య ప్రశ్నలు. ఒక్కోటీ చదివి వినిపించాడు. అప్పటికింకా అడిగి రాసే అలవాటు పూర్తిగా పోలేదు.

ఆరోది గుండె గురించి.

"దానికి ఉందని రాయి బామ్మర్దీ," అన్నాడు బావ. "చిన్నప్పుడు కీళ్ళ జ్వరం తగిలింది. గుండెలో ఏదో చప్పుడు మిగిలిపోయిందన్నాడు డాక్టరు. బరువులెత్తకు అన్నాడు." పక్కన ఆనించిన ఇనప కడ్డీల కేసి చూశాడు. "ఎత్తకుండా ఎంత సుకుమారంగా బతుకుతున్నానో చూస్తున్నావుగా."

"అది రాస్తే కంపెనీ డాక్టరు దగ్గరికి పంపుతారు బావా. ఆయన ఇంకో డాక్టరు దగ్గరికి పంపుతాడు. నెల పడుతుంది."

"పడనీ. నేనేం రేపే చస్తున్నానా?"

"నువ్వు చావవు. శుక్రవారానికి నా ఉద్యోగం చస్తుంది."

బావ అన్నం కలుపుతున్న చెయ్యి ఆపి అక్క వైపు చూశాడు. అక్క మజ్జిగ గ్లాసు కింద పెట్టింది.

"రాయకపోతే తర్వాత పేచీ పెట్టరట్రా?"

"లోపల నేనుంటాను కదే అక్కా. నేనుండగా పేచీ ఏమిటి?"

"అదీ నిజమే," అన్నాడు బావ. "చదివించిందెందుకు మరి? నీకెలా తోస్తే అలా రాయి." ఎడం చేత్తో సంతకం కుదరక, కుడి చెయ్యి కడుక్కుని వచ్చి గీశాడు.

అతను పదకొండు గడుల్లోనూ వరసగా 'లేదు' అని రాశాడు. చివర కొమ్ముని పక్కకి పొడుగ్గా లాగి వదిలెయ్యడం అతని అలవాటు. ఆ పన్నెండో పాలసీతో అతని ఉద్యోగం ఖాయమైంది.

తర్వాత తెలిసింది, ఈ విద్య అతనొక్కడిదే కాదని. ఏజెంట్లంతా అదే చేస్తారు. జబ్బులడిగితే జనం బెదురుతారు, బెదిరితే పాలసీ జారిపోతుంది. కాబట్టి సంతకం ముందు పెట్టించుకుని, టీ తాగుతూ, పై నుంచి కింది దాకా పదకొండు లేదులు దించేస్తారు. చదువురాని వాడి ఫారంలోనూ చక్కటి దస్తూరీతో లేదు, లేదు, లేదు. ఊరంతా వజ్రకాయులే.

రెండేళ్ళకి అతన్ని క్లెయిముల సెక్షనుకి మార్చారు. చనిపోయినవాళ్ళ కాగితాలు చూసి డబ్బు మంజూరు చేసే చోటు అది. అక్కడి మేనేజరు ముసలాయన, ముక్కుపొడుం మనిషి. కాగితం చూసేవాడు, నిట్టూర్చేవాడు, సంతకం చేసేవాడు. "చచ్చినవాడి మీద మనకేం కక్షోయ్," అనేవాడు.

ఒక రోజు అతను ముప్పై ఫైళ్ళు తెచ్చి ముసలాయన బల్ల మీద పేర్చాడు.

"ఏమిటోయ్ ఇది, గోడ కడుతున్నావా?"

"ముప్పై మంది పోయారు సార్. ఫారాల్లో చూడండి. ఒక్కడికీ ఏ జబ్బూ లేదు. మరి దేనికి చచ్చారంటారు?"

ముసలాయన నవ్వాడు. నాలుగు ఫైళ్ళు తిప్పాక నవ్వు ఆపేశాడు. "ఇది మనవాళ్ళ పనే," అన్నాడు మెల్లిగా. "అడక్కుండా రాసేశారు."

"సంతకం మాత్రం వాళ్ళదే కదా సార్."

అతను సెలవు పెట్టుకుని మరీ ఆస్పత్రులు తిరిగాడు. పాత చీటీలు, మందుల కొట్ల పుస్తకాలు, కాంపౌండర్ల జ్ఞాపకాలు పట్టుకొచ్చాడు. ముప్పైలో తొమ్మిది కొట్టేశారు. ఇంటి దొంగని ఈశ్వరుడైనా పట్టలేడంటారు. ఇంకో ఇంటి దొంగ పట్టగలడు. పెద్దాఫీసు అతన్ని పిలిపించుకుని కుర్చీ వేసింది. ముసలాయన్ని రిటైరు కాకముందే రిటైరు చేసింది. పోయే రోజున ఆయన అతని భుజం తట్టలేదు. "నీకు నిద్ర బాగా పడుతుందటోయ్?" అని మాత్రం అడిగాడు. పడుతుందన్నాడు. నిజమే, పడుతుండేది.

ఆ పైన అతనికి మెట్లు వెతుక్కునే పని లేకపోయింది. ఆఫీసరు, సెక్షను పెద్ద, క్లెయిముల పెద్ద. రిటైరైన కాంపౌండర్లని జీతాలిచ్చి పెట్టుకున్నాడు. ఏ డాక్టరు అటక మీద ఏ సంవత్సరపు చీటీలున్నాయో వాళ్ళకి తెలుసు. ఆరోగ్యం గురించి అబద్ధం దొరికితే ఎన్నేళ్ళ పాలసీ అయినా చెల్లదని రూలు రాయించాడు. తిరస్కారం ఉత్తరం కూడా అతనే దిద్దాడు. లా ఆఫీసరు 'తెలియజేయనందున' అని రాస్తే, కొట్టేసి 'దాచిపెట్టి మోసగించినందున' అని వేశాడు. మెత్తగా రాస్తే తిరిగి అడుగుతారు. గట్టిగా రాస్తే సిగ్గుపడి ఊరుకుంటారు. ఆ ఒక్క మాటతో అప్పీళ్ళు సగానికి పడిపోయాయి.

ఒక్క పాత రూలు మాత్రం పీకలేకపోయాడు. జబ్బు సంగతి చెప్పినా కంపెనీ మనిషే కావాలని రాయలేదని రుజువైతే డబ్బివ్వాలి. అది ఉన్నా ఒకటే లేకున్నా ఒకటే. రాసినవాడు వచ్చి 'నేనే రాశాను' అనాలి. తన మెడకి తనే ఉరి బిగించుకునే ఏజెంటు ఏ దేశంలో పుట్టాడు?

ఆడవాళ్ళు వచ్చేవారు. బల్లకి అవతల కుర్చీ అంచు మీద కూర్చునేవారు. "మా ఆయనకి చదువు రాదు బాబూ, మీవాడే అంతా రాసుకున్నాడు," అనేవారు. అతను విసుక్కునేవాడు కాదు. ఫారం వాళ్ళ వైపు తిప్పి, కింద వేలు పెట్టి, "ఈ సంతకం ఎవరిదమ్మా?" అనేవాడు. అంతటితో సరి. మంచినీళ్ళు ఇప్పించి పంపేవాడు. స్టాఫు చాటుగా అతన్ని లేదయ్య అనేవారు. అది అతనికీ తెలుసు. కోపం రాలేదు. పేరు లేనివాడికంటే నయం.

బావ మాత్రం ఏటా తారీకు తప్పకుండా వచ్చి ప్రీమియం కట్టి పోయేవాడు. కౌంటరు దగ్గర వరసలో నిలబడేవాడు. పైకి రమ్మని ఒకటి రెండుసార్లు కబురు పెట్టాడు అతను. "నా చెప్పులకి నూనె ఉంది, మీ తివాచీ పాడవుతుంది," అని బావ రాలేదు. తర్వాత కబురు పెట్టడం మానేశాడు.

ఉద్యోగంలో ఇరవై ఎనిమిదో ఏట, కంపెనీ పాత చీఫ్ దిగిపోతున్నాడని తెలిసింది. ఆ కుర్చీకి ఇద్దరే. ఒకరు పెట్టుబడుల పెద్ద, రెండోవాడు ఇతను. నెలలో బోర్డు తేలుస్తుంది. సరిగ్గా అప్పుడే, పట్టపగలు, మిషను తిరుగుతుండగానే బావ పక్కకి ఒరిగిపోయాడు. కరెంటు ఆపడానికి కూడా ఎవరూ లేరట. కడ్డీ చాలాసేపు వట్టినే తిరిగిందని పక్క షెడ్డువాడు చెప్పాడు.

అతను వెళ్ళాడు. ఏడ్చాడు. ఆ ఏడుపులో అబద్ధం లేదు. అక్క అతని తల నిమిరింది, ఎవరికి పోయినట్టో.

పాలసీ మాట అక్క ఎత్తలేదు. నువ్వు పెద్ద పనిలో ఉన్నావు, ఇంత చిన్నదానికి నిన్ను కదపడమెందుకని, కూతురి చేత రాయించి కాగితాలన్నీ తనే పోస్టులో పంపింది. అక్కకి ఇంకేం ఆధారం లేదు. మిషను నడిపే చెయ్యే పోయింది. కూతురు ఇంకా నర్సు చదువులో ఉంది, రెండేళ్ళు మిగిలింది.

ఆ కాగితాలు మూడు వారాల తర్వాత అతని గదికే వచ్చాయి. తెచ్చింది క్లెయిముల ఆఫీసరు. చిన్న వయసు, మాట తక్కువ, అతనే చేరదీసి పని నేర్పాడు. ఎంత మాసిన చీటీ అయినా చదివేస్తుందని ఆమెకి భూతద్దం అని పేరు పెట్టారు.

"ఇది తేలికే సార్," అంది. "పోస్టుమార్టంలో గుండె కవాటం చిన్నప్పుడే చెడిందని రాశారు. ఫారంలో ఆరోదానికి లేదు అని ఉంది. కొట్టెయ్యొచ్చు."

"కొట్టెయ్యడానికి నా దగ్గరికెందుకమ్మా?"

"నామినీ మీ అక్కగారని కౌంటర్లో అన్నారు."

అతను ఫైలు కోసం చెయ్యి చాచాడు.

"ఇంకోటుంది సార్. సంతకం పెట్టిన చెయ్యి వేరు, జవాబులు రాసిన చెయ్యి వేరు. ఏజెంటు గడిలో ట్రైనీ నంబరు ఉంది, పేరు లేదు. రాసింది మనవాడే అయి, వాడు ఒప్పుకుంటే, పాత రూలు కింద మీ అక్కగారికి ఇచ్చెయ్యొచ్చు. అప్పటి ట్రైనీల రిజిస్టరు గోడౌన్లో ఉండాలి. వెతికించడానికి మీ సంతకం కావాలి."

ఫారం అతని ముందు పెట్టింది. పసుపెక్కిన కాగితం మీద పదకొండు లేదులు, తోకలు పక్కకి చాచుకుని. దాని పక్కనే, ఆ పొద్దున అతను రాసి పెట్టిన నోటు ఉంది. 'తగిన ఆధారం లేదు.' సిరా ఇంకా కొత్తగానే ఉంది. భూతద్దం చూపు ఈ కాగితం మీంచి ఆ కాగితం మీదికి వెళ్ళింది, మళ్ళీ వచ్చింది. మొహంలో ఏమీ కదల్లేదు. అతనే నేర్పాడు ఆ కదలకపోవడం.

అతను నోటుని బోర్లించాడు.

"ఆ రిజిస్టర్లు ఎప్పుడో చెదలు తినేశాయి," అన్నాడు.

"తినే ఉంటాయి సార్."

"నేను కబురు చేస్తాను. ఉంచి వెళ్ళండి."

ఆమె వెళ్ళాక తలుపు గడియ పెట్టుకున్నాడు. చెయ్యాల్సింది ఎంత? ఒక్క వాక్యం. ఆయన చెప్పాడు, నేనే రాయలేదు. అంతే. అక్కకి డబ్బొస్తుంది. ఆ సాయంత్రానికే కుర్చీ పెట్టుబడుల పెద్దకి పోతుంది. అది కూడా కాదు. పని నేర్చుకునే రోజుల్లో చేసిన పాపం ఒప్పుకున్న మరుక్షణం, తను కొట్టేసిన ఫైళ్ళన్నీ లేచి కూర్చుంటాయి. లేదయ్యే లేదు రాశాడట అని ఊరూరా ఏజెంట్లు నోరు తెరుస్తారు. ఎన్ని ఇళ్ళు? లెక్కపెట్టబోయి మానేశాడు.

సరే, రాయకుండా దొంగచాటుగా మంజూరు చేయిస్తే? అక్క కాబట్టి చేశాడంటారు. అదీ కుర్చీకి పోటే.

ఒక పూటంతా ఆలోచించాడు. మధ్యాహ్నానికి బుర్ర దానంతటదే దారి చూపించింది. ఇరవై ఎనిమిదేళ్ళు పదును పెట్టిన బుర్ర, ఊరికే పోతుందా? కాగితం తీసి బోర్డుకి నాలుగు లైన్లు రాశాడు. ఫలానా క్లెయిములో నామినీ నా తోడబుట్టిన అక్క. కాబట్టి నేను ఆ ఫైలు చూడను, అడగను, ఒక మాట సాయం చెయ్యను. రూలు ఎటు నడిస్తే అటు నడవనివ్వండి.

అందులో ఒక్క అక్షరం అబద్ధం లేదు.

చైర్మన్ స్వయంగా ఫోన్ చేశాడు. "ఈ కాలంలో ఇలాంటి మనిషిని చూడలేదయ్యా. వేరేవాడైతే ముందు అక్క ఫైలే తోసేవాడు. నీకు బాధగా ఉంటుంది."

"రూలు రూలే కదండీ."

"అదీ మాట. అదీ మాట."

కుర్చీ ఆ ఫోన్లోనే ఖాయమైంది. బోర్డు మీటింగు వట్టి లాంఛనం.

ఇంట్లో భార్య అడిగింది, పొద్దున టీ ఇస్తూ. "వదినగారికి ఎప్పుడొస్తుందండీ అది?"

"నేను ఆ ఫైలు ముట్టుకోకూడదు."

"ముట్టుకోకూడదా, ముట్టుకోరా?"

"రెండూ ఒకటే."

"మన పెళ్ళికి మీరు వేసుకున్న బూట్లు కూడా అన్నయ్యగారు కొన్నవే," అంది ఆమె. అతను పేపరు తిప్పాడు. ఆమె గ్లాసు తీసుకుని లోపలికి వెళ్ళింది. తర్వాత మళ్ళీ ఎత్తలేదు. ఆమెకి ఆ ఇంట్లో ఎంత మాట్లాడాలో తెలుసు.

అతని గది నుంచి తిరిగొచ్చిన ఫైలు మీద భూతద్దం సంతకం చేసింది. అక్కకి ఉత్తరం వెళ్ళింది. 'మీ భర్త తన జబ్బును దాచిపెట్టి కంపెనీని మోసగించినందున.' అతను చీఫ్ అయిన వారానికి ఆమెని క్లెయిముల పెద్దగా వేస్తూ ఆర్డరు మీద సంతకం చేశాడు. ఆమె కంటే సీనియర్లు ఆరుగురున్నారు. థ్యాంక్స్ చెప్పడానికి వచ్చింది. ఇదివరకు తల వంచి మాట్లాడేది, ఆ రోజు కళ్ళలోకి చూసి మాట్లాడింది. వచ్చే ఏడాది ఇంకో మెట్టు అడుగుతుందని, ఇవ్వక తప్పదని ఆ చూపులోనే తెలిసిపోయింది.

చీఫ్ గది ఏడో అంతస్తులో. గోడంత అద్దం, తెరుచుకోని కిటికీ. కాలు పెడితే మడమ దాకా దిగే తివాచీ. కంపెనీ పత్రికలో అతని ఫొటో వేసి, సొంత అక్క ఫైలునైనా తాకని మనిషి అని కింద రాశారు. ఆ పత్రిక ప్రతి బ్రాంచికీ వెళ్ళింది.

పాలసీ ఎంతో అంత మొత్తం, తన సొంతం నుంచి, అక్క పేర బ్యాంకులో వేశాడు. వారం తిరగకుండా అదే దారిన తిరిగొచ్చింది. మళ్ళీ వేశాడు. మళ్ళీ వచ్చింది. ఇక తప్పక, ఒక ఆదివారం ఉదయం కారు వేసుకుని బయల్దేరాడు.

అక్క ఇల్లు షెడ్డు వెనకే, రెండు గదులు. మిషను మీద దుప్పటి కప్పి ఉంది. అక్క పెరటి వైపు గుమ్మంలో కూర్చుని ఎవరివో జాకెట్లకి హుక్కులు కుడుతోంది. అతన్ని చూసి లేచి కుర్చీ వేసింది. మంచినీళ్ళిచ్చింది. ఎప్పటిలాగే.

"పిల్లేదక్కా?"

"ఆస్పత్రిలో డ్యూటీ. రాత్రిళ్ళు పని చేసుకుంటూ చదువుతోంది."

"డబ్బు ఎందుకు తిప్పి పంపావు?"

"నువ్వెందుకు పంపావు?"

"అదేమిటే. తమ్ముడిని కానా?"

"తమ్ముడి డబ్బైతే తమ్ముడింటికొచ్చి అడిగి తీసుకుంటాను. అందులో నాకేం సిగ్గు లేదు. ఇది ఆయన కట్టుకున్న డబ్బు. ఒక్క ఏడు తప్పలేదు. జ్వరమొచ్చినా వెళ్ళి వరసలో నిలబడ్డాడు." సూదిని జాకెట్టుకే గుచ్చి పక్కన పెట్టింది. "పోనీ డబ్బు మాట వదిలెయ్. రాకపోతే రాలేదు, చేతులున్నాయి. ఆ ఉత్తరం ఉంది చూడు, అది పిల్ల చదివింది. నాన్న నిజంగా దాచాడా అమ్మా అని అడిగింది. లేదే, మీ మావయ్యే రాయకుండా వదిలేశాడు అన్నాను. నమ్మలేదు. మావయ్య గురించి పత్రికలో పడిందట, తెలిసినవాళ్ళు చూపించారట. సొంత అక్కకే సాయం చెయ్యని నిప్పులాంటి మనిషి అలా ఎందుకు రాస్తాడమ్మా అంది. నాన్నే మనకి కూడా చెప్పకుండా ఏవేవో దాచి ఉంటాడు అంది."

అతను నీళ్ళ గ్లాసు చేతిలో తిప్పుతూ కూర్చున్నాడు.

"ఆయన జబ్బు దాచలేదు కదరా. నోరు తెరిచి చెప్పాడు. నేనక్కడే ఉన్నాను."

"ఉన్నావు."

"చెప్పాడా లేదా?"

"చెప్పాడే అక్కా."

"ఆ ముక్క రాసివ్వు."

అతను తల ఎత్తాడు.

"మీ కంపెనీకి పంపను. కోర్టుకి పోను. నీ కుర్చీ నీకుంటుంది, దాని మీద నాకు ఏడుపు లేదు. నా పెట్లో పెట్టుకుంటాను. పిల్లకి ఒక్కసారి చూపిస్తాను. ఆయన బిడ్డ దగ్గర ఆయన అబద్ధాలకోరు కాకూడదు. అంతే నాకు కావలసింది."

లోపలికి వెళ్ళి కూతురి నోటుపుస్తకం లోంచి ఒక కాగితం చింపి తెచ్చింది. పెన్ను కూడా తెచ్చింది. కాగితం ఆనించుకోవడానికి ఒక పీట జరిపి అతని ముందు పెట్టింది.

అతను పెన్ను మూత తీశాడు. రాద్దామనే తీశాడు. ఇచ్చిన మాట అక్క తప్పదు, తెలుసు. కానీ కాగితం ఎవరి మాటా వినదు. అటక మీద ముప్పై ఏళ్ళు పడుకున్న చీటీలు లేచొచ్చి మనుషుల్ని నిలువునా ముంచడం అతనికి తెలిసినంతగా ఎవరికి తెలుసు? రేపు పిల్ల నర్సవుతుంది, పెళ్ళవుతుంది, అల్లుడొస్తాడు. పెట్టె తెరుచుకుంటుంది. పెన్ను కాగితం మీద ఆనించాడు, ఎత్తాడు, మళ్ళీ ఆనించాడు. చెయ్యి అప్పుడు దాని పని అది చేసుకుపోయింది.

రాసింది అక్కకి ఇచ్చాడు. అక్క అయిదో తరగతి చదివింది. అక్షరాల కింద వేలు పెట్టి, పెదాలు కదుపుతూ, ఆగి ఆగి చదివింది.

'సదరు పత్రము పూర్తి చేయబడిన సందర్భమున ఆరోగ్య వివరములు మౌఖికముగా తెలియజేయబడి ఉండవచ్చుననియు, అవి యథాతథముగా నమోదు కాకపోయి ఉండుటకు అవకాశము కలదనియు భావించబడుచున్నది.'

రెండోసారి కూడా చదివింది. వేలు చివరి మాట దగ్గర ఆగింది.

"ఇందులో నువ్వెక్కడున్నావురా?" అంది.

అతను పెన్నుకి మూత పెట్టాడు.

"ఆయనెక్కడున్నారు? నేనెక్కడున్నాను? ఆ బెంచీ మీద ముగ్గురం కూర్చున్నాం. ఇందులో ఒక్కళ్ళమూ లేం."

"అక్కా, దీని అర్థం అదేనే. రాయాల్సిన పద్ధతి ఇది."

"అయ్యుంటుంది." కాగితాన్ని నాలుగు మడతలు పెట్టింది. చింపుతుందేమో అనుకున్నాడు. చింపితే బాగుండుననుకున్నాడు. ఆమె దాన్ని అతని జేబులో పెట్టి, జేబు పైనుంచి ఒకసారి తట్టింది, చిన్నప్పుడు బడికి పంపేటప్పుడు పలకబలపం సరిచూసినట్టు. "పట్టుకుపో. మీ ఆఫీసులో పనికొస్తుంది. మాకెందుకు."

మళ్ళీ గుమ్మంలో కూర్చుని సూది తీసుకుంది. భోజనం చేసి వెళ్ళమనలేదు. అక్క అతన్ని ఆ మాట అనకుండా పంపడం అదే మొదటిసారి.

డ్రైవరు తలుపు తీశాడు. కారు వీధి మలుపు తిరిగాక అతను జేబులోంచి కాగితం తీసి మడతలు విప్పాడు. అలవాటు చొప్పున మొదటి నుంచి చివరి దాకా చదివాడు, ఎక్కడైనా పట్టుబడతానేమోనని. తప్పు ఒక్కటి కూడా దొరకలేదు.